గడ్డి తెగని కొడవలి

నా టేబుల్ మీద రెండు చట్టాలు కాపురం చేస్తున్నాయి. ఒకటి పాత నేర విచారణ చట్టం. అట్ట ఊడిపోయింది, మూలలు మడతలు పడ్డాయి, బెయిళ్ల అధ్యాయం నిండా చాయ్ మరకలు. రెండోది దాని స్థానంలో వచ్చిన కొత్త సంహిత. దానికింకా ప్రెస్సు వాసన పోలేదు. కొత్తది అమల్లోకి వచ్చిన జూలై నాటికే విచారణలో ఉన్న కేసులన్నీ పాత పుస్తకంతోనే ముగియాలి, ఆ తర్వాత మొదలైనవి కొత్తదాని ప్రకారం నడవాలి. కాబట్టి అత్తనూ కోడలినీ ఒకే వంటింట్లో పెట్టుకుని ఇద్దరితోనూ మంచిగా ఉండాల్సిన గతి నాది. పైగా నంబర్లన్నీ ఇళ్లు మారాయి. పాత పుస్తకంలో నాలుగు వందల ఎనభై రెండు అంటే హైకోర్టు తలుపు తట్టడం, కొత్తదాంట్లో అదే నంబరు ముందస్తు బెయిలు. మొదట్లో ఒక నంబరు చెప్పి ఇంకో మాట అడిగి నాలుక కరుచుకోని వకీలు మా బారులో లేడు. నేనూ కరుచుకున్నాను.

ఆదిలాబాద్ జిల్లాలో ఒక చిన్న మేజిస్ట్రేట్ కోర్టులో నేను ప్రాసిక్యూటర్ని, అంటే పోలీసులు పెట్టిన కేసుల్లో ప్రభుత్వం తరఫున నిలబడే మనిషిని. మా ఇల్లు కరీంనగర్‌లో. సాయంత్రం కాగానే అక్కడి నుంచి బాపు ఫోన్ వస్తుంది.

"ఇయ్యాల ఎవలను లోపలేసినవ్ బిడ్డా?"

"ఎవలను వెయ్యలే బాపూ."

"మరి సర్కారోళ్లు నీకు జీతం దేనికిస్తుండ్రు?"

నేను కేసు గెలిచానంటే ఆయన కొండగట్టు అంజన్న గుడికి పోయి కొబ్బరికాయ కొట్టి వస్తాడు. ఓడిపోయానన్నా పోతాడు, రాబోయే కేసు కోసం ముందుగా. మొత్తానికి నా ఉద్యోగం వల్ల అంజన్నకు లోటు లేదు.

నాకు కోపం ముక్కు మీదే ఉంటుందని ఇంట్లోవాళ్లూ కోర్టువాళ్లూ అందరూ ఒప్పుకున్న సంగతి. ఆ కోపంలో ఎక్కువ పాలు ఎదురు తిరిగే సాక్షుల కోసం దాచిపెట్టుకున్నాను. పోలీసుల దగ్గర అంతా పూసగుచ్చినట్టు చెప్పి, బోనెక్కగానే "నాకేం తెల్వది, నేను చూడలే" అనే మనుషులు వీళ్లు. ఊళ్లో రాజీ అయిపోయిన ప్రతి కేసులోనూ ఇదే తంతు. తల పగిలినవాడే వచ్చి, తలుపు తగిలిందంటాడు. అలాంటప్పుడు నేను లేచి నిలబడి, సాక్షి ఎదురు తిరిగాడని చెప్పి, నా సాక్షినే నేను అడ్డప్రశ్నలు వేసుకోవాలి. వండినవాడే కూర బాగాలేదని అరిచినట్టు ఉంటుంది నా బతుకు.

ఈ కేసు కూడా అలాంటిదే అనుకున్నాను.

బోథ్ వైపు ఒక ఊరు. పత్తి చేలు పక్కపక్కనే ఉన్న రెండు కుటుంబాలు. ఒక చేను ఒంటరిగా వ్యవసాయం చేసుకునే ఒక పెద్దామెది. భర్త పోయాడు, ఆదివారం చర్చి, మిగతా వారమంతా చేను. పక్క చేను ఒక తల్లీ కొడుకులది. తండ్రి ఏండ్ల తరబడి దుబాయ్‌లో పనిచేసి, ఆరోగ్యం చెడి తిరిగి వచ్చి చనిపోయాడు. ఒక మునిమాపు వేళ పెద్దామె బర్రె కట్టు తెంపుకుని పక్కవాళ్ల పత్తిలో పడింది. కొడుకు అడిగాడు, పెద్దామె బదులు చెప్పింది, మాటా మాటా పెరిగింది. కుర్రాడు చేతిలో ఉన్నదానితో ఆమె నొసటి మీద ఒక్కటిచ్చాడు. రక్తం కారింది, కుట్లు పడ్డాయి, కేసయింది.

చార్జిషీటు ప్రకారం ఆ చేతిలో ఉన్నది కొడవలి. పోలీసులు దాన్ని కుర్రాడి ఇంటి నుంచి పంచుల, అంటే ఊరి సాక్షుల, ఎదుట స్వాధీనం చేసుకున్నారు. డాక్టరేమో మొద్దు వస్తువు దెబ్బ అని రాశాడు. దాంతో ఇంకో మాట చేర్చారు: కొడవలి మొద్దు వైపుతో కొట్టెను. కొడవలి పట్టుకున్నవాడు మొద్దు వైపు ఎందుకు తిప్పుతాడో చదివినప్పుడే నాకు అనుమానం రావాల్సింది. రాలేదు. రోజూ అంతకంటే విడ్డూరాలు చదువుతూ ఉంటాను.

కేసు విచారణకు వచ్చేసరికి ఊళ్లో అంతా మారిపోయింది. పత్తి ఏరే రోజుల్లో కూలీలు దొరక్క, ఈ చేనువాళ్లు ఆ చేనుకు, ఆ చేనువాళ్లు ఈ చేనుకు పోయి ఏరుకోవడం అక్కడ మామూలు. కోపాలని మడి కట్టుకుని కూర్చుంటే పత్తి వానకు తడుస్తుంది. పెద్దామె కుట్లు మానకముందే కుర్రాడి తల్లి పక్కన వంగి పత్తి ఏరింది. మొదటి రోజు మాటల్లేవు, తర్వాత మాటలొచ్చాయి. పెద్దమనుషులు కూర్చుని తగువు తెంపేశారు. మేకను కోశారు, కల్లు తాగారు. పెద్దామె కల్లు ముట్టదు కాబట్టి ఆమెకొక కూల్‌డ్రింక్ సీసా తెప్పించారు. దావత్ అయిపోయింది కనుక కేసూ అయిపోయిందని ఇరువైపుల వాళ్లూ హాయిగా చేలకు పోయారు. కోర్టు వాయిదా రోజున ముద్దాయి లేడు, సాక్షి లేదు. ఇద్దరి మీదా వారంట్లు పోయాయి.

వారంటు చూసి ఇద్దరూ కలిసి వచ్చారు. కలిసి అంటే ఒకే ఆటోలో. నేను చాయ్ కోసం బయటికి వచ్చేసరికి కోర్టు ఆవరణలో వేపచెట్టు కింద ముద్దాయి తల్లీ, దెబ్బ తిన్న పెద్దామె ఒకే గిన్నెలోంచి జొన్నరొట్టె, వంకాయకూర తింటున్నారు. ముద్దాయి పక్కన నిలబడి నీళ్ల సీసా పట్టుకున్నాడు. నేను దాన్ని చూస్తూ ఉండిపోయాను. ప్రభుత్వం ఒకవైపు నిలబడి, వీళ్లను రెండు వైపులా నిలబెట్టి, నన్ను మధ్యలో అరవమంటోంది.

ముద్దాయి తరఫు వకీలు మా బారులో అందరికంటే పెద్దాయన. చాయ్ దుకాణం దగ్గర నాకు చెప్పుకొచ్చాడు. కుర్రాడికి దుబాయ్ వీసా వచ్చిందట, నెలాఖరుకల్లా పోవాలట. మీద కేసు లేదని పోలీసు సర్టిఫికెట్ కావాలి. కేసు ఉంటే అది రాదు. శిక్ష పడితే ఇక ఎన్నటికీ రాదు.

"రాజీ రాసుకోండి సార్" అన్నాను, అది కుదరదని తెలిసి కూడా.

"ఎట్ల రాస్త మేడం? కొడవలుండె కదా."

అదీ చిక్కు. చిన్న దెబ్బ కేసుల్లో దెబ్బ తిన్న మనిషి ఒప్పుకుంటే చట్టం రాజీకి దారి ఇస్తుంది, కేసు అక్కడితో తీరిపోతుంది. అదే కోసే, పొడిచే ఆయుధం నడుమ వచ్చిందంటే సెక్షన్ మారుతుంది, ఆ సెక్షన్‌కు మేజిస్ట్రేట్ కోర్టులో రాజీ లేదు. దెబ్బ తిన్న మనిషి ముద్దాయిని ఎత్తుకుని ముద్దాడినా కేసు నడవాల్సిందే. హైకోర్టుకు పోతే దారి ఉంటుంది కానీ, హైదరాబాద్‌లో ఆ పని అయ్యేదాకా వీసా ఆగదు.

కాబట్టి పెద్ద వకీలు తనకు తెలిసిన దారి పట్టాడు. నా ఎదురుగానే పెద్దామెను పిలిచి, ఒక్క ముక్క చెప్పాలన్నాడు.

"ఏమడిగినా నాకు తెల్వదను అమ్మా. గంతే. పిలగాడు బయటపడుతడు."

పెద్దామె రొట్టె చేతిని కొంగుకు తుడుచుకుంది.

"నాకు తెల్వదంటే ఎట్ల సారూ? నొసలు నాదే కదా."

"చీకట్ల కనవడలే అను."

"కనవడ్డది కదా."

కుర్రాడి తల్లి ఆమె చేయి పట్టుకుంది. "అక్కా, నీ కాల్మొక్త. పోరని బతుకు" అంటూ ఏడుపు మొదలుపెట్టింది.

"నీ కొడుకు మంచిగుండాలనే నాకూ ఉన్నది" అంది పెద్దామె. "వాని మీద నాకు పగ లేదు. కని అబద్ధం ఆడుమంటే నాతోని కాదు. ఉన్నది ఉన్నట్టే చెప్త. ఆ తర్వాత దేవుని ఇష్టం."

కుర్రాడు నీళ్ల సీసా మూత బిగిస్తూ, విప్పుతూ ఉన్నాడు. నిజం చెప్పే సాక్షి దొరికితే ఎగిరి గంతేయాల్సిన దాన్ని నేను. అప్పుడు మాత్రం ఆ పిల్లవాడి చేతుల వైపు చూసి నాకు దుఃఖం వచ్చింది. ఇన్నేళ్లలో మొదటిసారి, ఈ ఒక్క సాక్షి ఎదురు తిరిగితే బాగుండునని అనుకున్నాను. అనుకున్నందుకు నా మీద నాకే కోపం వచ్చింది, చాయ్ చల్లారిందని దుకాణం ఆయన మీద అరిచాను.

ఇంతలో పిలుపు వచ్చింది. వారంట్లు రద్దు చేసి, సాక్షి ఎలాగూ వచ్చింది కాబట్టి వెంటనే విచారిద్దామన్నారు మేజిస్ట్రేట్ గారు. ఆయన కొత్తగా వచ్చిన యువకుడు, నవ్వితే తీర్పు చెల్లదేమో అన్నట్టు ఉంటారు. మామూలుగా సాక్షిని బోనెక్కించే ముందు పోలీసుల దగ్గర ఆమె ఏం చెప్పిందో చదివి వినిపిస్తాను. ఆ రోజు ఆ వ్యవధి దొరకలేదు. పోలీసులు రాసుకున్న ఆ వాంగ్మూలం మీద సాక్షి సంతకం ఉండదు. అందులో ఏం రాసి ఉందో పెద్దామెకు అప్పటిదాకా ఎవరూ చెప్పలేదు.

దేవుని ఎదుట ప్రమాణం చేయమన్నారు. పెద్దామె చేయనంది.

"మా ఇంట్ల ఒట్లు పెట్టుకునుడు లేదు సారూ. ఒట్టు పెట్టినా పెట్టకున్నా చెప్పేది ఒక్కటే."

ప్రమాణం వద్దనేవాళ్లు సత్యమే చెబుతానని మాట ఇస్తే చాలని చట్టంలో ఉంది. మేజిస్ట్రేట్ గారు అదే రాసుకున్నారు. నేను మొదలుపెట్టాను. బర్రె సంగతి చెప్పింది, తగాదా చెప్పింది, తాను ముందు తిట్టిన తిట్టు కూడా దాచకుండా చెప్పింది. ఆ తిట్టును ఎట్లా రాయాలో టైపిస్టుకు తెలియక నా వైపు చూశాడు. కుర్రాడు కొట్టాడని చెప్పింది. వెనక బెంచీలో అతని తల్లి కొంగు నోట్లో కుక్కుకుంది.

నేను కాగితం చుట్టి చీటీ కట్టిన వస్తువును విప్పి, బల్ల మీదుగా చూపించాను.

"నిన్ను కొట్టింది ఈ కొడవలితోనేనా?"

పెద్దామె కళ్లు చిట్లించి చూసింది. దగ్గరికి తెమ్మంది. చూసి, నవ్వింది.

"ఇది నాకెరుకే. వాళ్ల దొడ్డి చూరుల చెక్కి ఉండేది. దీనితోని గడ్డి సుత తెగది బిడ్డా."

"అది కాదు, దీనితో కొట్టాడా లేదా?"

"దీనితోని ఎందుకు కొడ్తడు? టార్చ్‌లైట్‌తోని కొట్టిండు."

అలవాటు కొద్దీ నేను లేచాను, సాక్షి ఎదురు తిరిగిందని చెప్పడానికి. నోరు తెరిచాను కూడా. అప్పుడు నాకు డాక్టరు రాసిన మొద్దు వస్తువు గుర్తొచ్చింది. ఆమె ఎదురు తిరగలేదు. ఆ గదిలో ఉన్న అందరిలోకీ తిన్నగా నిలబడింది ఆమే.

"ఏ టార్చ్‌లైట్?" అన్నారు మేజిస్ట్రేట్ గారు.

జవాబు వెనక బెంచీ నుంచి వచ్చింది. కుర్రాడి తల్లి లేచి నిలబడింది.

"నేనే ఇచ్చిన సారూ, గా కొడవలి."

కూర్చోమన్నా ఆమె కూర్చోలేదు. పోలీసులు ఇంటికొచ్చి, కొట్టిన వస్తువు ఏదని అడిగారట. ఠాణాకు పోయిన సామాను మళ్లీ ఇంటికి రాదని వాడకట్టులోని ఇరుగుపొరుగంతా ముందే చెప్పి పెట్టారు. టార్చ్‌లైట్ ఇవ్వడానికి ఆమెకు చేతులు రాలేదు.

"ఆయన దుబాయ్ నుంచి తెచ్చిండు సారూ. ఆయన వస్తువు గదొక్కటే మిగిలింది. అడివి పందులొస్తయి చేన్లకు, అది లేకుంటే పత్తి దక్కది. కొడవలేమో పాతది. పోతే పోనియ్ అనుకుని గదిచ్చి పంపిన. టార్చ్ పోతదని పోరన్ని సుత వకీలుకు చెప్పనియ్యలే. గింత పరేషాన్ ఐతదని నాకేమెరుక?"

పనికివచ్చేది దాచుకుని పనికిరానిది సర్కారుకు ఇచ్చింది. ఎవరైనా చేసే పనే. ఆ తుప్పు కొడవలితోనే రాజీకి వీలున్న చిన్న దెబ్బ కేసును, రాజీ లేని ఆయుధం కేసుగా మార్చి, స్వయంగా కన్నకొడుకు మెడకు కట్టింది.

"ఆ టార్చ్‌లైట్ ఇప్పుడు ఎక్కడ ఉంది?"

ఆటో దిగాక ఊళ్లోకి చీకట్లో నడవాలి కాబట్టి అది ఆమె సంచిలోనే ఉంది. రొట్టె గిన్నె కింద నుంచి బయటికి లాగింది. మోచేయంత పొడుగు, వెండి రంగు. తీసే కంగారులో మీట నొక్కుకుపోయి, వెలుతురు నేరుగా మేజిస్ట్రేట్ గారి ముఖం మీద పడింది. ఆయన ఫైలు అడ్డం పెట్టుకున్నారు. ఫైలు వెనక ఆయన భుజాలు కదలడం నేను చూశాను.

"ఇస్త సారూ" అంది ఆమె, ఆర్పేసి. "కని మల్ల ఎప్పుడిస్తరు?"

పెద్ద వకీలు నా వైపు చూశాడు, నేను ఆయన వైపు చూశాను. ఇద్దరికీ ఒకేసారి తట్టింది కానీ, ఆయన మోకాళ్ల నొప్పుల వల్ల నేనే ముందు లేచాను. తీర్పు చెప్పేలోపు ఎప్పుడైనా అభియోగాన్ని మార్చే అధికారం కోర్టుకు ఉంది, పాత పుస్తకంలోనూ ఉంది, కొత్తదాంట్లోనూ ఉంది. ఆయుధం లేదని దెబ్బ తిన్న మనిషే చెబుతోంది, డాక్టరు రాసింది కూడా దానికి సరిపోతోంది, కాబట్టి అభియోగాన్ని మామూలు దెబ్బ కిందికి మార్చమని కోరాను. నా కేసు బలాన్ని నేనే తగ్గించమని అడగడం నాకది మొదటిసారి. అడుగుతున్నంతసేపూ నాకు నవ్వు వస్తూనే ఉంది.

మేజిస్ట్రేట్ గారు కుర్రాడి తల్లిని మందలించారు. పోలీసులకు ఒక వస్తువుకు బదులు ఇంకోటి ఇవ్వడం ఎంత తప్పో గట్టిగానే చెప్పారు. ఆమె ప్రతి మాటకూ తల ఊపింది, టార్చ్‌లైట్‌ను మాత్రం సంచిలోకి తోసేసింది. తర్వాత ఆయన అభియోగం మార్చి, కుర్రాడికి చదివి వినిపించారు. రాజీ కాగితం మీద పెద్ద వకీలు అప్పటికే సంతకం పెట్టేశాడు.

"అమ్మా, మీరు ఇష్టంతోనే రాజీ పడుతున్నారా? ఎవరైనా భయపెట్టారా?" అని పెద్దామెను అడిగారు మేజిస్ట్రేట్ గారు. తప్పకుండా అడగాల్సిన ప్రశ్న అది.

"నన్నెవలు భయపెడ్తరు సారూ. ఇష్టమే. కని ఒక్క మాట ఉన్నది."

పెద్ద వకీలు ముఖం వాడిపోయింది.

"దావత్ నాడు తప్పైందన్నడు. అప్పుడు కల్లు తాగి ఉండె. కల్లు మీద చెప్పిన మాట నేను లెక్కకు తీసుకోలే. గిప్పుడు తాగలేదు కదా. గిప్పుడు చెప్పుమనుండ్రి."

ఏ సెక్షన్‌లోనూ అలాంటి షరతు లేదు. మేజిస్ట్రేట్ గారు కుర్రాడి వైపు చూశారు. కుర్రాడు బోను దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. అప్పటిదాకా ఎవరి కళ్లలోకీ చూడనివాడు, ఆమె నొసటి మీద మచ్చను చూశాడు.

"తప్పైంది పెద్దమ్మా" అన్నాడు. ఇంకా ఏదో చెప్పబోయి, చేతుల్లో ముఖం పెట్టుకుని ఏడ్చాడు.

"ఇగ సంతకం ఏడ పెట్టాల్నో చూపియ్ బిడ్డా" అంది పెద్దామె నాతో. నేను కాగితం జరిపాను. నా కళ్లు తుడుచుకోవడానికి కొత్త సంహిత అడ్డం పెట్టుకున్నాను. లావు పుస్తకాలకు అదొక లాభం.

రాజీ అయితే ముద్దాయి నిర్దోషిగా విడుదలైనట్టే లెక్క. కొడవలిని ఎవరి దగ్గర తీసుకున్నారో వాళ్లకే తిరిగి ఇవ్వాలని ఉత్తర్వు అయింది. "మీ దగ్గరనే ఉంచుకోండ్రి సారూ" అని కుర్రాడి తల్లి చేతులు జోడించి బయటికి నడిచింది. అది ఇప్పటికీ మా కోర్టు సామాను గదిలోనే ఉంది. పోయేటప్పుడు ముగ్గురూ మళ్లీ ఒకే ఆటో ఎక్కారు.

ఆ సాయంత్రం బాపుకు ఫోన్‌లో అంతా చెప్పాను.

"అంటే గెలిచినవా, ఓడిపోయినవా?"

"తెల్వది బాపూ."

"మరి కొండగట్టుకు పోవాల్నా వద్దా?"

పొమ్మన్నాను.

మళ్లీ పత్తి పగిలే కాలం వచ్చాక, నా ఫోన్ అద్దం పగిలితే బోథ్‌లో ఒక రిపేరు దుకాణానికి పోయాను. అక్కడ స్టూలు మీద పెద్దామె కూర్చుని ఉంది. దుకాణం అబ్బాయి చేతిలో మోచేయంత వెండి రంగు టార్చ్‌లైట్, చార్జింగ్ పిన్ను ఊడదీసి చూస్తున్నాడు. నేను దాన్ని వెంటనే గుర్తుపట్టాను. ఆమె నన్ను గుర్తుపట్టి పక్కన చోటిచ్చింది.

కుర్రాడు నెలాఖరుకే విమానం ఎక్కాడట. పోయే రోజు తల్లిని వెంటబెట్టుకుని వచ్చి, టార్చ్‌లైట్ ఈమె చేతిలో పెట్టాడట. తల్లికి రాత్రి చూపు ఆనదు, రెండు చేలూ నువ్వే చూసుకోవాలి పెద్దమ్మా అన్నాడట. కాదనబోతే, ఇవ్వమన్నది మా అమ్మే అన్నాడట.

"మరి దీన్ని చూసినప్పుడల్లా కోపం రాదా నీకు?" అని అడిగాను. నేనైతే దాన్ని బావిలో పడేసేదాన్ని.

ఆమె నొసటి మచ్చను ఒకసారి వేలితో తడుముకుంది.

"కోపం దేనికి బిడ్డా? నేను చెప్పాల్సింది నేను చెప్పిన, వాడు చెప్పాల్సింది వాడు చెప్పిండు. ఇంకేం మిగిలినయి, పందులు తప్ప."